టీచర్, ఒంటికి!

(స్వర్ణోత్సవాల రెండో రోజు మధ్యాహ్నం మన బడి ఆవరణలో చేసిన ప్రసంగం. వక్త మన పూర్వ విద్యార్థిని, స్త్రీల వైద్య నిపుణురాలు.)

  

కార్డు మీద నా ప్రసంగం పేరు ‘మహిళల ఆరోగ్యం - అవగాహన’ అని వేశారు. నేను పంపిన పేరు అది కాదు. ‘దగ్గితే మూత్రం పడుతోందా?’ అని పంపాను. కార్యదర్శిగారు ఫోన్ చేసి, “అక్కయ్యా, కార్డు అల్లుళ్ళకీ, వియ్యాలవారికీ కూడా వెళ్తుంది, అలా వేస్తే బాగుంటుందంటారా” అన్నారు. సరేనన్నాను. కార్డు మీద లేకపోతే ఏం, మైకు నా చేతిలోనే ఉందిగా.

ఈ విషయమే ఎందుకు ఎంచుకున్నానో చెబుతాను. మనం చదివే రోజుల్లో ఈ బడిలో ఆడపిల్లలకి మరుగుదొడ్డి లేదు. మగపిల్లలు చిటికెన వేలు చూపించి “టీచర్, ఒంటికి!” అని గోడ వెనక్కి పరుగెత్తేవాళ్ళు. మనకి చింతచెట్టు అవతల తుమ్మకంప. ఒకరు వెళ్తే ఇద్దరు కాపలా. ఎనిమిదో తరగతికి వచ్చేసరికి ఆ వేలు చూపించడం కూడా సిగ్గనిపించి మానేశాం. పొద్దున ఎనిమిదిన్నరకి ఇంట్లో వెళ్తే, మళ్ళీ సాయంత్రం ఐదింటికి ఇంట్లోనే. దానికోసం ఏం చేశాం? మంచినీళ్ళు తాగడం మానేశాం. కడవ నిండా నీళ్ళుండేవి, మా బెంచీలో గ్లాసు ముట్టుకున్నవాళ్ళు లేరు.

ఆపుకోవడం వల్లనే తర్వాత మనకి అన్ని జబ్బులూ వచ్చాయని నేను అనను. డాక్టరుగా అలా అనకూడదు కూడా. కానీ ఇక్కడ మూడు అలవాట్లు నేర్చుకుని బయటికి వెళ్ళాం. నీళ్ళు తాగకపోవడం ఒకటి. ఎక్కడికి బయల్దేరినా, వచ్చినా రాకపోయినా, ‘ఎందుకైనా మంచిది’ అని ఒకసారి వెళ్ళి రావడం రెండోది. నడుం కింద ఏం జరిగినా నోరెత్తకపోవడం మూడోది. మొదటి రెండూ మాన్పించడానికి మూడు నెలలు చాలు. మూడోది మాన్పించడానికి నాకు ముప్ఫై ఏళ్ళ ప్రాక్టీసు చాలలేదు.

మా బెంచీమేట్ ఒకావిడ సంగతి చెబుతాను. చెప్పమని తనే అంది, పేరు మాత్రం వద్దంది. ఇరవై అయిదేళ్ళ కింద మనం ఇక్కడే రజతోత్సవం చేసుకున్నప్పుడు తను రాలేదు. “మా అమ్మాయికి పరీక్షలు” అని ఉత్తరం రాసింది. పరీక్షలేం లేవు. తను ఉన్న ఊరు నుంచి ఇక్కడికి అయిదు గంటల బస్సు. బస్సు ఆపమని డ్రైవరుని అడగలేదు, ఆపకపోతే చీర తడవకుండా ఉండదు. అందుకని రాలేదు. అప్పటికి తనకి నలభై అయినా నిండలేదు. పెళ్ళిళ్ళకి వెళ్ళడం మానేసింది, తిరపతి వెళ్ళడం మానేసింది, చివరికి సొంత చెల్లెలి కొడుకు ఒడుగుకి కూడా వెళ్ళలేదు. ‘గర్వం’ అనుకున్నారు చుట్టాలు. ఇవాళ ఈ సభలో ఉంది. ఎవరా అని వెనక్కి తిరిగి చూడకండి, బాగుండదు.

అసలు లోపల ఏం ఉంటుందో చెబుతాను. మీ అందరికీ నులకమంచం తెలుసు. మన నడుం ఎముకల గూడు మంచం పట్టెల లాంటిది. ముందున్న జఘనాస్థి నుంచి వెనక వెన్ను చివరి తోకెముక దాకా ఆ పట్టెల మధ్య అల్లిన నులకలాగా కండరాలు ఉంటాయి. వీటినే పెల్విక్ ఫ్లోర్ అంటాం. తెలుగులో కటి కండరాలు అనుకోండి. మూత్రాశయం, గర్భసంచి, పెద్దపేగు చివరి భాగం, ఈ మూడూ ఆ నులక మీద కూర్చుంటాయి. ఆ నులకలో మూడు దారులు: మూత్రనాళం, యోని, మలద్వారం. ఈ మూడు మాటలూ ఇవాళ మైకులో చెప్పాలని ఇంటి దగ్గరే నిశ్చయించుకుని వచ్చాను. చెప్పేశాను, పందిరేమీ కూలలేదు.

నులక వదులైతే మంచం మధ్యలో గుంట పడుతుంది. కాన్పులో ఈ కండరాలు విపరీతంగా సాగుతాయి, ఒక్కోసారి చిరుగుతాయి. పెద్ద బిడ్డ, గంటల తరబడి నొప్పులు, ఫోర్సెప్స్ వేయడం, వీటివల్ల ఎక్కువ. ఆ తర్వాత బాలింత పచ్చి ఒంటి మీద బరువులు ఎత్తితే, ఏళ్ళ తరబడి మలబద్ధకంతో ముక్కితే, ఆస్త్మా దగ్గు ఉంటే, పొట్ట పెరిగితే, ఆ బరువంతా దీని మీదే. ముట్లు ఆగిపోయాక ఈస్ట్రోజెన్ తగ్గి ఆ భాగమంతా పలచబడుతుంది. అందుకని ఇరవై అయిదేళ్ళప్పుడు పడ్డ దెబ్బ యాభై అయిదుకి బయటపడొచ్చు. కాన్పే కానివాళ్ళకి రాదా అంటే, వస్తుంది. సిజేరియన్ అయినవాళ్ళకి కొంచెం తక్కువ, అంతేగాని రాదని కాదు.

బయటికి కనిపించే తీరులు వేరు వేరు. దగ్గినా, తుమ్మినా, నవ్వినా, నీళ్ళ బిందె ఎత్తినా చుక్కలు పడడం ఒక రకం. ఇది పట్టు లేక. ఉన్నట్టుండి తరుముకొచ్చి, తాళం తీసేలోపు అయిపోవడం రెండో రకం. ఇది మూత్రాశయం తొందరపడడం వల్ల. చాలామందికి రెండూ కలిసి ఉంటాయి. గ్యాసో, మలమో ఆగకపోవడం ఇంకొకటి. దీని గురించి పేషెంటు తనంతట తను ఎప్పుడూ చెప్పదు, అడిగితే ఏడుస్తుంది. సాయంత్రం అయ్యేసరికి కింద బరువుగా, బంతిలాంటిది చేతికి తగలడం, పడుకుంటే లోపలికి పోవడం, ఇదే మన అమ్మమ్మలు గర్భసంచి జారింది అన్నది. జారేది గర్భసంచే కానక్కర్లేదు, ముందు గోడ నుంచి మూత్రాశయం కావచ్చు, వెనక నుంచి పేగు కావచ్చు. అది చూసుకుని చాలామంది కేన్సరనుకుని నిద్ర లేకుండా గడుపుతారు. జారడం కేన్సర్ కాదు.

ఇప్పుడు నా సంగతి. మా రెండోవాడు నాలుగు కిలోలు, ఫోర్సెప్స్ వేసి తీశారు. నెల తిరక్కుండా డ్యూటీలో చేరాను. అప్పటినుంచి దగ్గితే పడేది. పదకొండేళ్ళు! స్త్రీల డాక్టర్ని, పదకొండేళ్ళు ముదురు రంగు చీరలే కట్టాను. హ్యాండ్‌బ్యాగులో ఒక లంగా, ఒక చీర మడిచి పెట్టుకునేదాన్ని. ఆపరేషన్ థియేటర్లో ఎవరైనా జోకు వేస్తే నేను నవ్వేదాన్ని కాదు. మేడమ్ చాలా స్ట్రిక్టు అనేవాళ్ళు సిస్టర్లు. ఆ పదకొండేళ్ళలో నా దగ్గరికి వచ్చిన ఎంతమందికో, “బిగించి వదిలే ఎక్సర్‌సైజు చెయ్యమ్మా, తగ్గిపోతుంది” అని ఒక్క వాక్యంలో చెప్పి పంపేశాను.

ఒకసారి వేరే రాష్ట్రంలో ఒక వర్క్‌షాపుకి వెళ్ళాను. అక్కడ ఫిజియోథెరపిస్టు, నాకంటే పదిహేనేళ్ళు చిన్నది, ‘ఎవరైనా డాక్టరు వచ్చి పరీక్ష చేయించుకుంటారా’ అంది. ఎవరూ లేవలేదు. సాయంత్రం అందరూ వెళ్ళాక నేను వెళ్ళాను. బిగించమంది. బిగించాను. “మేడమ్, మీరు బిగించడం లేదు, కిందకి ముక్కుతున్నారు. పిరుదులు, తొడలు బిగిస్తున్నారు, అసలు కండరం కదలడమే లేదు” అంది. అన్నేళ్ళు నేను అడపాదడపా చేసింది వ్యాయామం కాదు, నులకని ఇంకా కిందకి తొక్కడం. సరైన పద్ధతి నేర్చుకున్నాక నాలుగు నెలలు పట్టింది. ఆ తర్వాత ఒక తెల్ల వెంకటగిరి చీర కొనుక్కున్నాను. ఇవాళ కట్టుకున్నది అదే.

ఈ వ్యాయామం గురించి 1948లో అమెరికాలో ఆర్నాల్డ్ కెగెల్ అనే స్త్రీల డాక్టరు రాశాడు. అందుకే ఆయన పేరుతో పిలుస్తారు. ఆయన కండరాల పట్టు కొలిచే చిన్న పరికరం కూడా తయారుచేశాడు. పేషెంటు సరిగ్గా బిగిస్తోందో లేదో పరీక్షించి చూసి మరీ నేర్పేవాడు. లోకం ఆయన పేరు పట్టుకుని ఆ సగం వదిలేసింది. నాలాగే.

ఎలా చేయాలో ఇప్పుడే చెబుతాను, కుర్చీల్లో కూర్చునే చేయొచ్చు, పక్కవాళ్ళకి తెలియదు. పొద్దున్న మనకి పప్పు, దోసకాయ పచ్చడి, బూరెలతో భోజనం పెట్టారు. ఇప్పుడు మాస్టారు పక్కన కూర్చునుండగా గ్యాస్ వచ్చేట్టుంది అనుకోండి. ఏ కండరం బిగపడతారో, అదే. వెనక నుంచి మొదలుపెట్టి ముందుకి, మూత్రం కూడా ఆపుతున్నట్టుగా, లోపలికీ పైకీ లాగాలి. పొట్ట, తొడలు, పిరుదులు కదలకూడదు. ఊపిరి బిగపట్టకూడదు. అందుకే పైకి లెక్కపెట్టమంటాను, మాట్లాడేవాళ్ళు ఊపిరి బిగపట్టలేరు. మొదట్లో మూడు అంకెలు కూడా నిలవదు, పర్లేదు. మెల్లగా 8, 10 సెకన్ల దాకా తీసుకురండి. బిగించినంతసేపూ వదలాలి. వదలడం కూడా వ్యాయామమే, దాన్ని ఎగ్గొట్టకండి. ఇలా ఎనిమిదిసార్లు, పదిసార్లు. తర్వాత చకచకా బిగించి వదిలేవి ఇంకో పది. రోజుకి మూడు పూటలు. కనీసం మూడు నెలలు. మూడో వారానికి ‘ఏమీ తేడా లేదు’ అని మానేసేవాళ్ళే ఎక్కువ. కండరం పెరగడానికి టైము పడుతుంది, మీ మనవడు జిమ్ముకెళ్ళి రెండోరోజే అద్దంలో చూసుకుంటాడే, అలా అవుతుంది.

మూత్రం పోస్తూ పోస్తూ మధ్యలో ఆపి చేయమని ఎవరైనా చెబితే వినకండి. కండరం ఎక్కడుందో తెలుసుకోవడానికి ఒకసారి సరే, రోజూ అలా చేస్తే మూత్రాశయం పూర్తిగా ఖాళీ కాకుండా పోతుంది. ఇంకో చిట్కా, ఇది నాకు బాగా పనికొచ్చింది: దగ్గు రాబోతోందని తెలిసిన క్షణంలోనే ముందు బిగించి, తర్వాత దగ్గండి. బిందె ఎత్తేముందు కూడా అంతే.

అయితే అందరికీ ఇదే మందు కాదు. కొందరికి నులక వదులు కాదు, మరీ బిగుసుకుపోయి ఉంటుంది. కలయికలో భరించలేని నొప్పి, మూత్రం మొదలవడానికి కాసేపు పట్టడం, ఎప్పుడూ కింద నొప్పి, ఇవి ఉన్నవాళ్ళు బిగించే వ్యాయామం చేస్తే ఇంకా ఎక్కువవుతుంది. వాళ్ళు వదలడం నేర్చుకోవాలి. పెళ్ళయిన కొత్తలో ఈ నొప్పితో విడాకుల దాకా వెళ్ళిన జంటల్ని చూశాను. అమ్మాయిది మొండితనం అన్నారు పెద్దవాళ్ళు. మొండితనం కాదు, కండరం. ముందు ఒకసారి పరీక్ష చేయించుకోమని నేను పోరేది ఇందుకే.

తరుముకొచ్చే రకానికి మూత్రాశయానికే మళ్ళీ బడి పెట్టాలి. పెద్దవాళ్ళ మూత్రాశయం సుమారు 400, 500 మిల్లీలీటర్లు పడుతుంది. సగం నిండకుండానే ‘వెళ్ళాలి’ అని మొదటి కబురు పంపుతుంది. కబురొచ్చిన ప్రతిసారీ పరుగెత్తితే అది అదే నేర్చుకుంటుంది. మూడు రోజులు ఒక కాగితం మీద రాయండి: ఎన్నింటికి వెళ్ళారు, ఎంత వచ్చింది, ఏం తాగారు, ఎప్పుడు తడిసింది. కొలతకి వంటింట్లో పాత గ్లాసు ఒకటి పక్కన పెట్టుకోండి, మళ్ళీ వంటింట్లోకి తీసుకెళ్ళకండి! రోజుకి ఆరు నుంచి ఎనిమిదిసార్లు మామూలే. గంటకోసారి వెళ్తుంటే, కబురొచ్చినప్పుడు కూర్చుని, కండరం నాలుగుసార్లు బిగించి, పది నిమిషాలు ఆగి వెళ్ళండి. వారం తర్వాత పదిహేను. అలా మూడు గంటలకి తీసుకురావచ్చు. టీలు, కాఫీలు తగ్గించండి. మంచినీళ్ళు తగ్గించకండి. నీళ్ళు మానితే మూత్రం చిక్కబడి మంట పుడుతుంది, తరుముడు పెరుగుతుంది, ఇన్ఫెక్షను కూడా రావచ్చు. మన బడిలో నేర్చుకున్న లెక్క తలకిందులు లెక్క. సుగరుందేమో చూపించుకోండి, సుగరు ఎక్కువైతే మూత్రమూ ఎక్కువే.

మలబద్ధకం గురించి ఒక్క మాట. మోకాళ్ళ నొప్పులొచ్చి మనమంతా కమోడ్లకి మారాం. దానిమీద కూర్చున్నప్పుడు కాళ్ళ కింద ఒక పీట వేసుకోండి. పాత రోజుల్లో గొంతుక్కూర్చున్నట్టు మోకాళ్ళు పైకొస్తాయి, ముక్కే పని తగ్గుతుంది. ఒళ్ళున్నవాళ్ళు బరువులో 5 నుంచి 10 శాతం తగ్గినా చుక్కలు పడడం బాగా తగ్గుతుంది.

మళ్ళీ మా బెంచీమేట్ దగ్గరికి వస్తాను. తనకి ముప్ఫై నాలుగేళ్ళప్పుడు తెల్లబట్ట అవుతోందని, కిందకి బరువుగా ఉందని ఒక ఆసుపత్రికి వెళ్ళింది. “పిల్లలున్నారుగా, ఇంకెందుకు, తీయించేసుకో, ఉంటే కేన్సరొస్తుంది” అన్నారు. తీసేశారు. ఇది తనొక్కదాని కథ కాదు. 2015-16 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, 15 నుంచి 49 ఏళ్ళ స్త్రీలలో గర్భసంచి తీసేసినవాళ్ళు దేశం మొత్తం మీద నూటికి ముగ్గురైతే, ఆంధ్రప్రదేశ్‌లోనూ తెలంగాణలోనూ అది రెట్టింపు కన్నా ఎక్కువ. అవసరమైన ఆపరేషన్లు ఉంటాయి, నేనూ చేశాను. కానీ నులక వదులైందని మంచం మీది పరుపు తీసి పారేస్తే నులక బిగుస్తుందా? మా స్నేహితురాలికి పదేళ్ళ తర్వాత ఆ ఖాళీ అయిన యోని పైభాగమే కిందకి జారడం మొదలైంది. చెప్పుకోవడానికి ఇంకా సిగ్గు. ‘సంచే లేదు కదా, ఇంకేం జారింది’ అంటారని భయం.

అయిదేళ్ళ కింద నా దగ్గరికి వచ్చింది. పెసరీ అని సిలికాన్ రింగు ఒకటి ఉంటుంది. సరైన సైజు చూసి లోపల పెడితే జారినదాన్ని పట్టి ఉంచుతుంది. ఆపరేషన్ కాదు, మత్తు లేదు. కొన్ని నెలలకోసారి తీసి కడిగి, లోపల పుండు పడిందేమో డాక్టరు చూడాలి. తను ఇప్పుడు తనే తీసి కడుక్కుని పెట్టుకుంటోంది. పొడిబారినదానికి ఈస్ట్రోజెన్ క్రీము రాసుకుంటోంది. మొన్న ఈ ఉత్సవాలకి అదే అయిదు గంటల బస్సులో వచ్చింది, కిటికీ పక్క సీట్లో.

వీటితో తగ్గనివాళ్ళకి ఆపరేషన్లు ఉన్నాయి. మూత్రనాళం కింద ఊతంగా సన్నని పట్టీ వేసేది ఒకటి, జారినదాన్ని పైకి కుట్టేవి కొన్ని. ఏం వేస్తున్నారు, ఎందుకు వేస్తున్నారు అని అడగండి. జారినదానికి యోని గుండా వేసే ఒక రకం జాలీ అమ్మకాలని 2019లో అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఆపించింది. ‘డాక్టర్ని అడగకూడదు’ అనుకునే కాలం పోవాలి. తరుముడుకి ఇచ్చే మాత్రల్లో కొన్నిటికి నోరు ఎండిపోవడం, మలబద్ధకం, ముసలివాళ్ళకి మతిమరుపు ఉంటాయి. నీకు తగ్గిందిగా అని ఒకరి మాత్ర ఇంకొకరు వేసుకోకండి.

వెంటనే పరుగెత్తాల్సినవి కొన్ని ఉన్నాయి: మూత్రంలో రక్తం, ముట్లు ఆగాక మళ్ళీ రక్తం కనబడడం, అసలు మూత్రమే రాకుండా బిగదీయడం. తొడల మధ్య తిమ్మిరి, కాళ్ళలో బలం తగ్గడం, మూత్రం తెలియకుండా పోవడం కలిసి వస్తే ఆ రాత్రే ఆసుపత్రికి వెళ్ళాలి, తెల్లారేదాకా ఆగకూడదు.

మగవాళ్ళు ఇందాకటినుంచి పైకప్పు చూస్తున్నారు. మీకూ ఈ నులక ఉంది బాబూ. ప్రోస్టేట్ ఆపరేషన్ తర్వాత పంచె తడుస్తోందని వాకింగు మానేసిన మా క్లాస్‌మేటు ఒకాయన భార్యని నా దగ్గరికి పంపాడు, తను రాకుండా! ఇదే వ్యాయామం, అదే లెక్క. ఆపరేషన్‌కి ముందునుంచే మొదలుపెడితే మరీ మంచిది.

కమిటీవారికి ఒక విన్నపం. నిన్న సాయంత్రం తొమ్మిదో తరగతి పిల్లల్ని అడిగాను. ఇప్పుడు ఆడపిల్లలకి దొడ్లు కట్టారు. నాలుగున్నాయి, రెంటిలో నీళ్ళు రావు, ఒకదానికి గొళ్ళెం లేదు. మధ్యాహ్నం ఇంటికి వెళ్ళేదాకా నీళ్ళు తాగమండీ అంది ఒక పిల్ల. స్వర్ణోత్సవ నిధితో ముఖద్వారానికి ఆర్చి కడుతున్నారట. కట్టండి, నా చందా కూడా దాంట్లో ఉంది. దానికంటే ముందు ఆ రెండింటికీ పైపు, ఒకదానికి గొళ్ళెం పెట్టించండి. ఖర్చు ఎక్కువైతే ఆర్చి మీద నా పేరు తీసేయండి.

టీ అయ్యాక మన పాత ఎనిమిదో తరగతి బి సెక్షన్ గదిలో కూర్చుంటాను. నాతో పాటు ఒక ఫిజియోథెరపిస్టు అమ్మాయి వచ్చింది. పేరు రాయించుకోం, ఒక్కొక్కరే రావచ్చు. మగవాళ్ళకి ఆరు గంటల తర్వాత. ఆ గది తలుపుకి గొళ్ళెం ఉంది, పొద్దున్నే చూసి వచ్చాను.